చెన్నై నుంచి పుదుచ్చేరికి సముద్రం పక్క దారిలో: ఈసీఆర్ ప్రయాణం ఎలా చేయాలి

ఊరి నుంచి చుట్టాలు దిగారంటే చెన్నైలో ఉండే తెలుగువాళ్ళ ఇళ్ళల్లో రెండో రోజుకల్లా "పాండీ పోయొద్దామా?" అనే మాట వస్తుంది. ఆ వెంటనే ఎవరో ఒకరు ఫోన్‌లో మ్యాప్ తెరిచి, ఏ దారి పది నిమిషాలు తక్కువ చూపిస్తే ఆ దారి పట్టేద్దామంటారు. ఈ ఒక్క ప్రయాణానికి మాత్రం అలా చేయకండి. వెళ్ళేటప్పుడు తెల్లవారుజామున ఈసీఆర్ మీద వెళ్ళండి, తిరిగి వచ్చేటప్పుడు మామూలు హైవే ఎక్కండి. ఎందుకో, ఎలాగో వరసగా చెబుతాను.

రెండు రోడ్ల సంగతి

మామూలు దారి అంటే జీఎస్టీ రోడ్డు, పూర్తి పేరు గ్రాండ్ సదరన్ ట్రంక్ రోడ్డు. తాంబరం, చెంగల్పట్టు, మధురాంతకం మీదుగా తిండివనం దాకా వెళ్ళి, అక్కడ ఎడమకు తిరిగితే పుదుచ్చేరి. మధ్యలో డివైడర్ ఉంటుంది, వెడల్పాటి రోడ్డు, దారిలో ఏది కావాలన్నా దొరుకుతుంది. లారీలు, దక్షిణాది జిల్లాలకు పోయే బస్సులు అన్నీ దీని మీదే.

ఈసీఆర్, అంటే ఈస్ట్ కోస్ట్ రోడ్డు, చెన్నైలో తిరువాన్మియూర్ దగ్గర మొదలై తీరం వెంట మహాబలిపురం, కల్పాక్కం, మరక్కాణం మీదుగా పుదుచ్చేరి చేరుతుంది. రెండు దారులూ దాదాపు 150 నుంచి 160 కిలోమీటర్లే. ఎక్కడా ఆగకుండా వెళ్తే రెండింటికీ మూడు, మూడున్నర గంటలు పడుతుంది. కాబట్టి ఈసీఆర్ వల్ల దూరమూ పెద్దగా కలిసిరాదు, టైమూ కలిసిరాదు. దారిలో ఆగే ఓపిక ఉన్నవాళ్ళకే ఆ దారి. మధ్యాహ్నం పన్నెండింటికి పాండీలో పెళ్ళి భోజనానికి అందుకోవాలంటే నిశ్చింతగా జీఎస్టీ మీద వెళ్ళిపోండి.

ఇంకో మాట ముందే చెప్పాలి. ఈసీఆర్ అనగానే దారంతా పక్కనే అలలు కనిపిస్తాయని పిల్లలకు ఆశ పెడతాం. అలా కనిపించవు. తిరువాన్మియూర్ నుంచి ఉత్తండి దాకా మొదటి భాగమంతా షాపులు, గెస్ట్‌హౌస్‌ల ప్రహరీ గోడలే. ఆ తర్వాత కూడా చాలా చోట్ల రోడ్డుకీ సముద్రానికీ మధ్య సరుగుడు తోటలో, జాలరి పల్లెలో, రిసార్టులో అడ్డు వస్తాయి. సముద్రాన్ని తీరిగ్గా చూడాలంటే ఎక్కడ బండి దిగాలో తెలిసుండాలి.

సముద్రం మాట అలా ఉంచితే, ఈ దారిలో మరో నీరు మీకు తోడుగా వస్తుంది. అది బకింగ్‌హామ్ కాలువ. మన పాత ప్రకాశం జిల్లాలోని పెదగంజాం దగ్గర మొదలై, నెల్లూరు తీరం మీదుగా చెన్నై నగరంలోకి దిగి, ఇదే ఈసీఆర్‌కు పడమటి పక్కగా మరక్కాణం దాకా పోతుంది. 1876-78 నాటి కరువులో కూలి పనులు పెట్టి దీన్ని పొడిగించారు. అప్పటి మద్రాసు గవర్నర్ బకింగ్‌హామ్ డ్యూక్ పేరే దీనికి పెట్టారు. బియ్యం, ఉప్పు, కట్టెలు పడవల మీద మద్రాసు చేరింది ఈ కాలువలోనే. కోస్తా నుంచి వచ్చిన పెద్దవాళ్ళు బండిలో ఉంటే ఈ సంగతి చెప్పి చూడండి, వాళ్ళ దగ్గర ఇంకో నాలుగు కబుర్లు బయటికొస్తాయి.

రోజు ఎంచుకోవడం

జనవరి, ఫిబ్రవరి నెలలు అన్నిటికన్నా మంచివి. ఎండ ఉండదు, వాన వెలిసి ఉంటుంది, చెరువుల్లో నీళ్ళు, నీళ్ళల్లో పక్షులు ఉంటాయి. ఏప్రిల్, మే నెలల్లో పది దాటితే చెమటతో ఒళ్ళు తడిసిపోతుంది కానీ, రోడ్డు పక్కన తాటి ముంజలు దొరికేది అప్పుడే. ఆ కాలంలో వెళ్తే ఇంకా పొద్దున్నే బయలుదేరండి.

అక్టోబరు నుంచి డిసెంబరు దాకా ఈశాన్య రుతుపవనాలు. ఈ తీరానికి తుపాను కొత్త కాదు. 2020లో నివార్ మరక్కాణం పరిసరాల్లో, 2022లో మాండూస్ మహాబలిపురం దగ్గర, 2024లో ఫెంగల్ పుదుచ్చేరి దగ్గర తీరం దాటాయి. బంగాళాఖాతంలో వాయుగుండం అన్న వార్త వినిపిస్తే ఈసీఆర్ ఆలోచన మానుకోండి. అవసరమైతే పోలీసులు రోడ్డు మూసేస్తారు కూడా. హోటల్ బుక్ చేశాం కదా అని మొండికి పోవద్దు.

వారంలో మంగళ, బుధ, గురువారాల్లో సెలవు దొరికితే అంతకన్నా అదృష్టం లేదు. శని, ఆదివారాలు తప్పదంటే శనివారం తెల్లవారుజామున వెళ్ళండి. ఆదివారం సాయంత్రం మహాబలిపురం నుంచి చెన్నై వైపు ఈసీఆర్ మీద బండ్లు చీమల బారులా పాకుతాయి. కొత్త సంవత్సరం ముందు రోజు, కాణుం పొంగల్ రోజు ఈ దారి జోలికే వెళ్ళకండి.

రోడ్డెక్కడం ఎలా

దక్షిణ చెన్నైలో ఉన్నవాళ్ళకు సులువు. వేళచ్చేరి, అడయారు, తరమణి వాళ్ళు నేరుగా తిరువాన్మియూర్‌లో ఎక్కేయొచ్చు. ఓఎంఆర్, అంటే పాత మహాబలిపురం రోడ్డు మీద షోళింగనల్లూరు చుట్టుపక్కల ఉంటే అక్కడి లింకు రోడ్డులో అక్కరై దగ్గర ఈసీఆర్ తగులుతుంది. దీనివల్ల ఇరుకైన మొదటి భాగం మొత్తం తప్పుతుంది.

అంబత్తూరు, ఆవడి, మాధవరం వైపు తెలుగువాళ్ళు చాలామంది "ఊరంతా దాటుకుని తిరువాన్మియూర్ ఎవరు పోతారు" అని ఈసీఆర్‌ను వదిలేస్తుంటారు. ఊరు దాటనక్కర్లేదు. బైపాస్‌లోనో, ఔటర్ రింగ్ రోడ్డులోనో దిగువకు వచ్చి వండలూరు చేరండి. అక్కడి నుంచి వండలూరు-కేళంబాక్కం రోడ్డు పట్టండి. కేళంబాక్కంలో ఓఎంఆర్ దాటి తిన్నగా వెళ్తే కోవలం దగ్గర ఈసీఆర్ మీద తేలతారు. నెల్లూరు, సూళ్ళూరుపేట, తిరుపతి నుంచి సొంత కారులో వచ్చేవాళ్ళకూ ఇదే దారి. నగరం ట్రాఫిక్‌తో పనే లేదు.

బస్సులో వెళ్ళాలనుకుంటే చెన్నై-పుదుచ్చేరి బస్సుల్లో ఈసీఆర్ అని బోర్డు పెట్టుకున్నవి ఉంటాయి, చాలావరకు తిరువాన్మియూర్‌లో ఆగుతాయి. ఎడమ వైపు కిటికీ సీటు చూసుకోండి, సముద్రం అటే. కాకపోతే బస్సులో దారిలో దిగడం ఉండదు కనుక ఈ దారిలో సగం రుచి పోతుంది. టాక్సీ మాట్లాడుకుంటే పుదుచ్చేరికి పర్మిట్ ఖర్చు ఎవరిదో ముందే తేల్చుకోండి, అది వేరే కేంద్రపాలిత ప్రాంతం. సొంత కారు ఏపీ, తెలంగాణ నంబరుదైనా పర్మిట్ అక్కర్లేదు. కాగితాలు, ఇన్సూరెన్సు మాత్రం చేతికందేలా ఉంచుకోండి.

ముందు రోజు రాత్రి పని

పెట్రోలు ట్యాంకు నింపించండి. కల్పాక్కం దాటాక బంకులు పలచబడతాయి. ఫాస్టాగ్‌లో డబ్బు ఉందో లేదో చూడండి, కొంచెం చిల్లర కూడా పెట్టుకోండి. ఉత్తండిలో టోల్‌గేటు వస్తుంది. మహాబలిపురం ఊళ్ళోకి వెళ్ళేటప్పుడు బండికి విడిగా ఎంట్రీ రుసుము, పార్కింగ్ రుసుము తీసుకుంటారు.

ఆడవాళ్ళు, పెద్దవాళ్ళు ఉంటే బాత్‌రూమ్ సంగతి ముందే ఆలోచించాలి. మహాబలిపురంలో టిఫిన్ చేసే హోటల్లోనే అందరూ ఆ పని చూసుకోవడం మంచిది. అక్కడి నుంచి పుదుచ్చేరి దాకా నమ్మకంగా శుభ్రమైన చోటు ఇదీ అని చెప్పడం కష్టం.

పులిహోర, పెరుగన్నం కట్టుకుంటే మధ్యలో భోజనం బెంగ ఉండదు. ఎక్కువ నీళ్ళు పెట్టుకోండి. ఇసుక కాళ్ళు కడుక్కోవడానికి ఇంకో పెద్ద బాటిల్ వేరే.

బయలుదేరే వేళ

ఐదు, ఐదున్నరకల్లా ఇంటి నుంచి కదలాలి. "సెలవు రోజు కూడా అంత పొద్దున్నేనా" అని ఇంట్లో గొణుగుతారు, గొణగనివ్వండి. ఆ వేళకు నీలాంకరై, ఇంజంబాక్కం సిగ్నళ్ళ దగ్గర ఆగే పని ఉండదు, చల్లగా ఉంటుంది. అంతకన్నా ముఖ్యంగా, మహాబలిపురంలో చూడాల్సిన రాతిపని తూర్పు ముఖంగా ఉంది. దాని మీద పొద్దుటి వెలుగు పడాలి.

ఒక్క జాగ్రత్త. ఆ వేళలో, ముఖ్యంగా శని, ఆదివారాల్లో, సైకిల్ తొక్కేవాళ్ళు గుంపులుగా ఈ రోడ్డు మీదే ఉంటారు. పెద్ద బైకుల వాళ్ళూ అప్పుడే వస్తారు. సైకిళ్ళను దాటేటప్పుడు ఒక మనిషి వెడల్పు జాగా వదిలి, హారన్ కొట్టకుండా దాటండి. వెనక నుంచి ఒక్కసారిగా హారన్ మోగితే ఉలిక్కిపడి పక్కకు ఒరుగుతారు.

మొదటి మజిలీ: ముట్టుకాడు

ఉత్తండి టోలు దాటి కాస్త దూరం పోగానే ముట్టుకాడు వంతెన. సముద్రం లోపలికి చొచ్చుకొచ్చిన చోటు ఇది. ఎడమ వైపు నీళ్ళు సముద్రంలో కలిసే మొగ, కుడి వైపు వెనకజలాలు కనిపిస్తాయి. వంతెన మీద బండి ఆపకండి. ఫోటో కోసం అలా ఆపేవాళ్ళ వల్ల ప్రమాదాలు జరుగుతాయి. వంతెనకు ఇవతలో అవతలో రోడ్డు దిగి ఆపుకుని నడిచి రండి. బోట్ షికారు పర్యాటక శాఖ వాళ్ళది, అది ఇంత పొద్దున్నే ఉండదు.

ముట్టుకాడులోనే దక్షిణచిత్ర ఉంది. దక్షిణాది రాష్ట్రాల పాత ఇళ్ళను విప్పి తెచ్చి, మళ్ళీ ఇక్కడ నిలబెట్టిన మ్యూజియం, 1996లో తెరిచారు. ఉత్తరాంధ్ర తీరపు చుట్టిల్లు, నల్గొండ వైపు ఇక్కత్ నేతగాళ్ళ ఇల్లు ఇక్కడ ఉన్నాయి. చుట్టిల్లు దగ్గర కాసేపు నిలబడండి. గుండ్రటి మట్టి గోడ, దాని మీద తాటాకు కప్పు దాదాపు నేల దాకా దిగి ఉంటుంది, లోపలికి వెళ్ళాలంటే నడుము వంచాల్సిందే. మూలలు లేని గోడ, కిందికి దిగిన కప్పు కాబట్టి తుపాను గాలి ఆ ఇంటి చుట్టూ జారిపోతుంది, పట్టు దొరకదు. తీరం వెంట ప్రయాణం చేస్తూ ఆ ఇల్లు చూడటం మిగతా రోజంతా పనికొస్తుంది. అయితే అది పదింటికి తెరుస్తారు, మంగళవారం సెలవు. ఐదున్నరకు బయలుదేరే రోజుతో అది కుదరదు. చిన్నపిల్లలతో వెళ్తూ పుదుచ్చేరిలో రాత్రి ఉండే ఏర్పాటు చేసుకున్నవాళ్ళు మాత్రం ఎనిమిదిన్నరకు తీరిగ్గా బయలుదేరి, దక్షిణచిత్ర, ఆ తర్వాత వడనెమ్మేలిలోని మొసళ్ళ పార్కు చూసుకుని వెళ్ళొచ్చు. మద్రాస్ క్రోకోడైల్ బ్యాంక్ అంటే అదే, 1976లో రోములస్ విటేకర్ మొదలుపెట్టారు, సోమవారం సెలవు. ఈ రెండిట్లో ఒక్కదానికే టైముంటే నేను దక్షిణచిత్రనే ఎంచుకుంటాను.

దారిలో తిరువిడందై గుడి వస్తుంది. నిత్యకల్యాణ పెరుమాళ్, వరాహస్వామి. 108 దివ్యదేశాల్లో ఒకటి. ఇంట్లో పెళ్ళీడు పిల్లలున్న అత్తయ్యలు, పిన్నమ్మలు బండిలో ఉంటే ఇక్కడ ఎలాగూ ఆపమంటారు, అరగంట లెక్కలో వేసుకోండి.

మహాబలిపురం: రెండు గంటలు

ఈసీఆర్ ఊరి బయటి నుంచి పోతుంది. ఊళ్ళోకి ఎడమకు తిరగాలి. తీరపు గుడి పొద్దున 6 గంటలకే తెరుస్తారు. మనవాళ్ళకు టికెట్ 40 రూపాయలు, అదే టికెట్ మీద ఆ రోజు పంచ రథాలు కూడా చూడొచ్చు. అర్జునుడి తపస్సు అనే పెద్ద చెక్కడపు రాతికి టికెట్ లేదు, అది రోడ్డు పక్కనే ఉంది.

అందరూ ముందు తీరపు గుడికి పరుగెత్తుతారు. మీరు ముందు అర్జునుడి తపస్సు దగ్గరికి వెళ్ళండి. తూర్పు ముఖం అన్నానే, అది ఇదే. ఏడు గంటల వెలుగులో ఒక్కొక్క బొమ్మా అంచులతో సహా తేలుతుంది. తొమ్మిది దాటి ఎండ పైకెక్కితే అదే రాయి చదునుగా కనిపిస్తుంది, పైగా స్కూలు బస్సులు దిగుతాయి. రాతి మధ్యలో పైనుంచి కిందికి ఒక చీలిక ఉంది. దాన్నే శిల్పులు నది చేశారు, నాగులను అందులో చెక్కారు. ఏనుగులను అందరూ చూస్తారు. పెద్ద ఏనుగు దంతం దగ్గర ఒక పిల్లి ఉంటుంది, పిల్లలను అది వెతకమనండి. అర్జునుడి లాగే రెండు ముందు కాళ్ళూ పైకెత్తి, పొట్ట లోపలికి పీల్చుకుని తపస్సు చేస్తోంది. దాని ముందు ఎలుకలు చేరి ఉన్నాయి. ఇంకా కింద ఒక లేడి వెనక కాలితో ముక్కు గోక్కుంటూ ఉంటుంది. ఏడో శతాబ్దంలో ఉలి పట్టినవాడు ఒక లేడిని అంత సేపు చూశాడు.

ఈ రాళ్ళను చెక్కించిన పల్లవ రాజుల తొలి శాసనాల్లో ఒకటి మన పల్నాడులోని మంచికల్లులో దొరికింది. అది ప్రాకృతంలో ఉంది. కంచి, మహాబలిపురం ఆ తర్వాతి కథ.

తీరపు గుడిని ఎనిమిదో శతాబ్దం మొదట్లో రాజసింహుడు కట్టించాడు. రెండు శివాలయాల మధ్య శయనించిన విష్ణుమూర్తి ఉన్నాడు, చాలామంది చూడకుండానే వెనక్కి వచ్చేస్తారు. గోడల మీద బొమ్మలు అరిగిపోయాయి. వెయ్యేళ్ళకు పైగా ఉప్పుగాలి చేసిన పని అది. ఇప్పుడు దాన్ని ఆపడానికే సముద్రం వైపు బండరాళ్ళ కట్ట వేశారు, చుట్టూ సరుగుడు చెట్లు పెంచారు. పంచ రథాలు చూశాక టిఫిన్. పొంగల్, వడ, కాఫీ.

ఎనిమిదిన్నర, తొమ్మిదికి ఊరు దాటేయాలి.

మహాబలిపురం నుంచి మరక్కాణం: ఇక్కడ నెమ్మదించండి

చాలామంది ఈసీఆర్ అంటే మహాబలిపురం దాకానే అనుకుంటారు. నాకు మాత్రం రోడ్డు అసలు అందం ఆ తర్వాతే మొదలవుతుందని గట్టి నమ్మకం. గోడలు, బోర్డులు తగ్గిపోతాయి. సరుగుడు తోటలు, తాటితోపులు, వరి మళ్ళు, వెనకజలాలు ఒకదాని తర్వాత ఒకటి వస్తాయి.

డ్రైవింగ్ కష్టం కూడా ఇక్కడే. మహాబలిపురం నుంచి పుదుచ్చేరి దాకా ఇప్పుడు ఇది జాతీయ రహదారి 332ఏ, నాలుగు వరుసలకు పెంచుతున్నారు. పని సాగుతున్న చోట్ల ఉన్నట్టుండి డైవర్షన్, మట్టి రోడ్డు, ఎదురుగా బండ్లు వస్తాయి. ఊళ్ళ దగ్గర మేకలు, ఆవులు, రోడ్డు దాటే పిల్లలు, కోతల కాలంలో రోడ్డు మీదే ఆరబోసిన వడ్లు. ఖాళీగా ఉంది కదా అని వంద మీద పోతే ఊరు వచ్చేసరికి వేగం చేతికి రాదు. 60, 70 మధ్య ఉంచండి. సముద్రం వైపు మలుపుల్లో రోడ్డు మీద ఇసుక పేరుకుంటుంది. టూవీలర్ వాళ్ళు అక్కడ బ్రేక్ గట్టిగా పట్టకూడదు. పదకొండు దాటాక సముద్రం గాలి లేస్తుంది, వంతెనల మీద పక్క నుంచి తోస్తుంది. ఇద్దరికీ హెల్మెట్ సరే, చున్నీ, చీర కొంగు కూడా బిగించి కట్టుకోమనండి.

కల్పాక్కం దగ్గర అణువిద్యుత్ కేంద్రం ఉంది, ఆ పరిసరాల్లో ఫోటోలు తీయొద్దు. అక్కడే సదురంగపట్టినంలో డచ్చివాళ్ళ కోట ఉంది. పులికాట్‌లో డచ్చివాళ్ళ సమాధులు చూసినవాళ్ళకు ఇక్కడి సమాధి రాళ్ళు చూడగానే గుర్తుపట్టేలా ఉంటాయి. టైముంటేనే ఆగండి.

కొంచెం దూరంలో పాలారు వంతెన. నంది కొండల్లో పుట్టి, మన కుప్పం ప్రాంతం మీదుగా పారి, వాణియంబాడి దగ్గర తమిళనాట అడుగుపెట్టిన నది ఇక్కడికి దగ్గర్లోనే సముద్రంలో కలుస్తుంది. ఏడాదిలో చాలా నెలలు ఇసుకే కనిపిస్తుంది. చిత్తూరు వైపు వాళ్ళెవరైనా బండిలో ఉంటే కిటికీ దించి చూపించండి.

కడపాక్కం ఊళ్ళో ఎడమకు తిరిగితే ఆలంపరై కోట. టికెట్ లేదు, హడావిడి లేదు. ఇటుక, సున్నంతో కట్టిన గోడలు సగం సగం మిగిలాయి. ఆర్కాటు నవాబుల కాలంలో ఇది రేవు, ఇక్కడ టంకశాల కూడా ఉండేది. 1750లో ఫ్రెంచివాళ్ళకు వచ్చింది, 1760లో ఇంగ్లీషువాళ్ళు పట్టుకుని పడగొట్టారు. 2004 సునామీ ఇంకొంత దెబ్బ తీసింది. కోట గోడ దాటి నిలబడితే ముందు వెనకజలాలు, దాని అవతల సన్నటి ఇసుక తిన్నె, ఆ అవతల సముద్రం. జాలర్లు పడవలో తిన్నె దాకా తీసుకెళ్తామంటారు. బేరం ముందే మాట్లాడుకోండి, లైఫ్ జాకెట్ లేకపోతే ఎక్కొద్దు. గోడల పైకి పిల్లలను ఎక్కనివ్వకండి, ఇటుకలు వదులుగా ఉంటాయి. మీకు ఒక్క చోటే ఆగే టైముంటే ఇక్కడ ఆగండి.

తర్వాత మరక్కాణం ఉప్పు మళ్ళు. రోడ్డుకు పక్కనే, చూపు ఆనినంత మేర గళ్ళు గళ్ళుగా నీళ్ళు. ఎండాకాలం వైపు వెళ్తే పని జరుగుతూ కనిపిస్తుంది. మడిలో నీరు ఎండి అంచుల నుంచి తెల్లగా పొర కడుతుంది. పొడుగాటి కర్రకు అడ్డంగా చెక్క బిగించిన పలకతో ఆ పొరను లాగి గట్టు మీదకు చేరుస్తారు. గట్టు మీద ఉప్పు కుప్పలు, వాటి మీద తాటాకులు కప్పి ఉంటాయి. చెప్పులు లేకుండా ఆ ఉప్పునీళ్ళల్లో రోజంతా నిలబడే పని అది. గట్ల మీదకు వెళ్ళాలంటే అక్కడున్నవాళ్ళను అడిగి వెళ్ళండి, వాళ్ళ ఫోటో తీయాలన్నా అడగండి. మడిలో కాలు పెడితే ఉప్పు మట్టి పాలవుతుంది.

పెదగంజాం నుంచి వచ్చిన కాలువ ఈ చుట్టుపక్కలే ఆగిపోతుంది. పక్కనే కళువేలి చిత్తడి నేలలు. ప్రపంచంలో ముఖ్యమైన చిత్తడి నేలల పట్టిక అయిన రామ్‌సర్ జాబితాలోకి 2024లో చేరాయి. నేలపట్టు, పులికాట్‌లకు వచ్చే పక్షులను ఇష్టపడేవాళ్ళు నవంబరు, ఫిబ్రవరి మధ్య బైనాక్యులర్ తెచ్చుకోండి.

సముద్రంలో దిగే ముందు

ఈ తీరం చూడటానికి మెత్తగా ఉంటుంది, లోపల లాగుడు ఎక్కువ. అల వెనక్కి వెళ్ళేటప్పుడు కాళ్ళ కింద ఇసుకను తీసుకుపోతుంది, రెండు అడుగులు వేసేసరికి లోతు మారిపోతుంది. ఈత వచ్చినవాళ్ళు కూడా ఇక్కడ ప్రాణాలు పోగొట్టుకున్నారు. మహాబలిపురంలో గుడి పక్క తీరంలో, ఎవరూ లేని జాలరి పల్లెల తీరంలో స్నానానికి దిగకండి. నీళ్ళల్లో ఆడాలని పిల్లలు పట్టుబడితే కోవలంలో బ్లూ ఫ్లాగ్ గుర్తింపు ఉన్న బీచ్ ఉంది, గార్డులు ఉంటారు, హద్దులు గుర్తుపెట్టి ఉంటాయి. అక్కడ కూడా మోకాళ్ళ లోతు దాటొద్దు. ఎవరైనా లాగుడులో చిక్కితే ఒడ్డుకు ఎదురీదకూడదు, తీరానికి సమాంతరంగా ఈది లాగుడు తగ్గిన చోట బయటికి రావాలి. ఒడ్డున ఉన్నవాళ్ళు వెంటపడి దూకకుండా తాడో, ఖాళీ క్యానో విసరాలి, జాలర్లను పిలవాలి. ఈ సంగతి బండి దిగేముందే అందరికీ చెప్పండి.

పుదుచ్చేరి చేరడం

కాలాపట్టు రాగానే పుదుచ్చేరి వచ్చేసిందనుకుంటారు. యూనివర్సిటీ ఉన్న ఆ ముక్క పుదుచ్చేరిదే, అది దాటగానే మళ్ళీ తమిళనాడు, కోట్టకుప్పం దాటితే మళ్ళీ పుదుచ్చేరి. మన యానాం కాకినాడ పక్కన ఉండి కూడా ఈ కేంద్రపాలిత ప్రాంతంలో భాగం అయినట్టే, ఇక్కడి హద్దులు కూడా ఫ్రెంచివాళ్ళ చేతిలో ఏ ఊరు ఉండేదో దాన్ని బట్టి గీసినవి. పెట్రోలు సాధారణంగా తమిళనాడు కన్నా ఇక్కడ తక్కువ, తిరుగు ప్రయాణానికి ఇక్కడే పోయించుకోండి. మద్యం సీసాలు మాత్రం బండిలో పెట్టుకోవద్దు, చెక్‌పోస్టుల్లో ఆపి వెతుకుతారు.

కోట్టకుప్పం దగ్గర రోడ్డు ఇరుకు, మధ్యాహ్నం అరగంట అక్కడే పోతుంది. ఆరోవిల్ వెళ్ళేవాళ్ళు దానికంటే ముందే కుడికి తిరిగిపోతే ఆ ఇరుకు తప్పుతుంది. ఊళ్ళో బీచ్ రోడ్డు మీదకు సాయంత్రం 6 నుంచి మర్నాడు పొద్దున 7:30 దాకా బండ్లను పోనివ్వరు. లోపలి వీధుల్లో పార్కింగ్ చూసుకుని నడవండి. పెద్దవాళ్ళకూ నడవడానికి హాయిగా ఉంటుంది.

తిరుగు ప్రయాణం

చీకటి పడ్డాక ఈసీఆర్ వద్దు. పుదుచ్చేరికీ మహాబలిపురానికీ మధ్య చాలా మేర వీధి దీపాలు ఉండవు, డైవర్షన్లు కనిపించవు, ఎదురుగా వచ్చేవాళ్ళు హైబీమ్ దించరు, ఆవులు రోడ్డు మధ్యలో పడుకుని ఉంటాయి. పొద్దున మనల్ని ఆపి చూపించినవేవీ రాత్రి కనిపించవు కూడా. అలసిన డ్రైవరుకు డివైడర్ ఉన్న రోడ్డే క్షేమం. పుదుచ్చేరి నుంచి తిండివనం దాదాపు 40 కిలోమీటర్లు, అక్కడ జీఎస్టీ ఎక్కండి.

ఆ రోడ్డుకూ ఒక గండం ఉంది. సెలవులు ముగిసే సాయంత్రం పరనూర్ టోల్‌గేటు, సింగపెరుమాళ్ కోయిల్, గూడువాంచేరి దగ్గర గంటలు గంటలు నిలబడాల్సి వస్తుంది. అయితే మూడింటికల్లా పుదుచ్చేరి వదలాలి, లేదంటే భోజనం చేసి తొమ్మిది దాటాక కదలాలి. మధ్య వేళ మాత్రం వద్దు. అంబత్తూరు, పూందమల్లి వైపు వాళ్ళు సింగపెరుమాళ్ కోయిల్ దగ్గర ఎడమకు తిరిగి ఓరగడం, శ్రీపెరుంబుదూర్ మీదుగా పోతే తాంబరం తప్పుతుంది. తిరుపతి వెళ్ళేవాళ్ళకూ అదే నయం. నెల్లూరు వైపు వాళ్ళు వండలూరులో ఔటర్ రింగ్ రోడ్డు ఎక్కేయండి. ఇంటికి చేరిన మర్నాడు బండిని, ముఖ్యంగా అడుగు భాగాన్ని, మంచినీళ్ళతో బాగా కడిగించండి. ఉప్పుగాలి, తడి ఇసుక అలాగే వదిలేస్తే తుప్పు పట్టేది అక్కడి నుంచే.